కుక్క నాకితే గాయం మానుతుందా? ఓ పాత నమ్మకం వెనక కథ

గ్రీసులోని ఎపిడారస్‌లో వైద్య దేవుడు అస్క్లేపియస్ గుడి ఉండేది. క్రీస్తుపూర్వం 4వ శతాబ్దంలో అక్కడ చెక్కించిన శాసనాల్లో, గుడి కుక్క నాకితే ఒక గుడ్డి పిల్లవాడికి చూపు వచ్చిందనీ, ఇంకో పిల్లవాడి మెడ మీది గడ్డ నయమైందనీ రాసి ఉంది. ఆ తర్వాత యూరప్‌లో ప్లేగు రోగులను కాపాడతాడని కొలిచిన సెయింట్ రోచ్‌ను కూడా పక్కన కుక్కతోనే చిత్రించారు. నమ్మకం ఇన్నాళ్లు నిలబడటంలో వింతేమీ లేదు. కుక్క తన పుండును నాకుతుంది, కొన్నాళ్లకు ఆ పుండు మానుతుంది. నాకకపోయినా మానేదేమో అని పోల్చి చూసే పద్ధతి అప్పటికి లేదు.

ఆ లాలాజలంలోనే ప్రాణాలు తీసేది ఉందని 1804లో జర్మన్ వైద్యుడు గియోర్గ్ గాట్‌ఫ్రీడ్ జింకే ప్రయోగం చేసి చూపించాడు. పిచ్చికుక్క చొంగను ఆరోగ్యంగా ఉన్న జంతువుల గాట్లలో పూస్తే వాటికీ రేబిస్ వచ్చింది. అంటే కరవక్కర్లేదు, తెగిన చర్మానికి తగిలితే చాలు. ఈ విషయం తెలిసి రెండు శతాబ్దాలు దాటినా, కాటుకు భయపడే మనం నాకడాన్ని తేలిగ్గా తీసుకుంటున్నాం. నాకు బాధ కలిగించేది ఇదే.

పాత నమ్మకానికి 20వ శతాబ్దంలో కొత్త బలం వచ్చింది. రీటా లెవీ-మోంటాల్చినితో కలిసి నరాల పెరుగుదల గురించి పరిశోధిస్తున్న స్టాన్లీ కోహెన్, చిట్టెలుకల లాలాజల గ్రంథుల నుంచి తీసిన పదార్థాన్ని అప్పుడే పుట్టిన చిట్టెలుక పిల్లలకు ఎక్కించాడు. వాటి కళ్లు తెరుచుకోవాల్సిన రోజు కంటే ముందే తెరుచుకున్నాయి. చర్మకణాలను పెంచే ఆ ప్రోటీన్ గురించి 1962లో ప్రకటించాడు. 1986లో ఇద్దరికీ నోబెల్ వచ్చింది. లాలాజల గ్రంథులు తీసేసిన చిట్టెలుకల్లో గాయం ముడుచుకోవడం నెమ్మదించిందని 1979లో మరో పరిశోధన చెప్పింది. ఇక్కడే చాలామంది ఒక్క గంతు వేసేశారు. చిట్టెలుకలో దొరికిన ప్రోటీన్‌ను కుక్క నోటికి, అక్కడి నుంచి మనిషి గాయానికి అంటగట్టేశారు.

నేరుగా కుక్క లాలాజలాన్నే పరీక్షించింది 1990లో. ఇ. కోలి, స్ట్రెప్టోకాకస్ కేనిస్ అనే బాక్టీరియాలను అది చంపగలిగింది. గాయాలను తరచూ చీము పట్టించే స్టెఫైలోకాకస్, సూడోమోనాస్‌ల మీద మాత్రం పెద్దగా పనిచేయలేదు. తన ఒంటిని, పిల్లలను నాకి శుభ్రం చేసుకునే కుక్కకు ఆ కొద్దిపాటి శక్తి ఉపయోగమే. అయినా ఆపరేషన్ తర్వాత కుట్లు నాకకుండా పశువైద్యులు మెడకు గరాటులాంటి కాలర్ తొడుగుతారు. అదేపనిగా నాకితే కుట్లు ఊడిపోతాయి, గాయం పెద్దదవుతుంది.

మనిషి సంగతి వేరు. 1976లో వైద్యులు ఒక కొత్త బాక్టీరియాను గుర్తించారు. 1989లో దానికి కాప్నోసైటోఫాగా కేనిమోర్సస్ అని పేరు పెట్టారు. ఆరోగ్యంగా ఉన్న కుక్కల నోట్లో అది మామూలుగానే ఉంటుంది. చాలామందికి ఏమీ కాదు. ప్లీహం తీసేసినవాళ్లకు, రోగనిరోధక శక్తి తగ్గినవాళ్లకు, అతిగా మద్యం తాగేవాళ్లకు మాత్రం ఒక్క నాకుడుతోనే ఇన్‌ఫెక్షన్ రక్తంలోకి పాకి ప్రాణాల మీదికి వచ్చే ప్రమాదం ఉంది.

రేబిస్ విషయంలో ప్రపంచ ఆరోగ్య సంస్థ మాట స్పష్టం. ఏ గీతా లేని చర్మాన్ని నాకితే కడుక్కుంటే చాలు. తెగిన చర్మానికి గానీ, నోరు, కళ్ల లాంటి చోట్ల గానీ చొంగ తగిలితే అది మూడో కేటగిరీ, లోతుగా దిగిన కాటుతో సమానం. 15 నిమిషాలు సబ్బుతో, ధారగా పారే నీటితో కడగాలి. వెంటనే డాక్టర్ దగ్గరికి వెళ్లి వ్యాక్సిన్, దాంతోపాటు ఇమ్యునోగ్లోబులిన్ (వైరస్‌ను వెంటనే అడ్డుకునే, ముందే తయారుచేసిన యాంటీబాడీలు) గురించి అడగాలి. పెంపుడు కుక్కకు టీకాలు సరిగ్గా వేయిస్తుంటే రేబిస్ ముప్పు బాగా తగ్గుతుంది. కాప్నోసైటోఫాగాను మాత్రం ఆ టీకా ఆపదు.