ముఖం చూసి జాతి చెప్పేయొచ్చా? క్రాస్ కుక్కల గురించి అపోహలు - వాస్తవాలు

"డాక్టర్ గారూ, దీంట్లో ఏ బ్రీడ్ కలిసిందో చూసి చెప్పండి." క్లినిక్‌లో నేను తరచూ వినే మాట ఇది. కొత్తలో ధీమాగా చెప్పేసేవాణ్ని. ఇప్పుడు కార్డులో "మిక్స్‌డ్" అని రాసి ఊరుకుంటున్నాను.

అపోహ: పోలికలు చూస్తే తల్లిదండ్రుల జాతి తెలిసిపోతుంది.

వాస్తవం: కంటికి కనిపించే రూపాన్ని నడిపించేది చాలావరకు కొన్ని జన్యువులే. కుక్కల బొచ్చులో మనం చూసే తేడాల్లో ఎక్కువ భాగం మూడు జన్యువుల వల్లేనని 2009లో తేలింది. పొడవు బొచ్చు లక్షణం తరాల తరబడి దాగి ఉండగలదు. అందుకే పొట్టి బొచ్చు జంటకు కూడా కుచ్చు తోక పిల్ల పుట్టొచ్చు. కురచ కాళ్ల సంగతి దీనికి విరుద్ధం, ఆ జన్యువు ఒక్కవైపు నుంచి వచ్చినా చాలు. లాబ్రడార్ తల కింద బుడ్డ కాళ్లు చూసి నవ్వుకుంటాం కానీ, దాని వెనకున్న లెక్క ఇంతే.

అపోహ: నీలి కళ్లుంటే హస్కీ జాతి రక్తమే.

వాస్తవం: చాలా కుక్కపిల్లల కళ్లు తెరుచుకునేటప్పటికి నీలంగానే కనిపిస్తాయి, అసలు రంగు తర్వాత తేలుతుంది. పెద్దయ్యాక కూడా నీలంగా ఉంటే హస్కీ ఒక్కటే కారణం కాదు. ఒంటిమీద రంగు వెలిసినట్టు మచ్చలుండే మెర్ల్ కుక్కల్లోనూ ఇలాంటి కళ్లుంటాయి. అందంగా ఉన్నాయని రెండు మెర్ల్ కుక్కలను కలపొద్దు. పుట్టే పిల్లల్లో కొన్నిటికి చెవుడు, చూపు లోపం వచ్చే ముప్పుంది. ఈ విషయంలో నేను మొహమాటపడను.

నాలుక మీద నల్లమచ్చ ఉంటే చౌచౌ జాతి కలిసిందంటారు. అది పుట్టుమచ్చ లాంటిదే, ఎన్నో జాతుల్లో ఉంటుంది.

ఒకే ఈతలో పిల్లలు ఒకదానికొకటి పోలిక లేకుండా ఉంటే, ఇచ్చినవాళ్లు మోసం చేశారని గొడవకు దిగకండి. ఒక ఈతకు ఇద్దరు తండ్రులుండటం కుక్కల్లో మామూలే.

అపోహ: క్రాస్ కుక్కే కదా, మూతి చప్పిడిగా ఉన్నా ఆయాసం రాదు.

వాస్తవం: ఊపిరికి జాతి పేరుతో పనిలేదు, ఆకారంతోనే పని. ముక్కురంధ్రాలు గీతల్లా సన్నగా ఉన్నాయేమో చూడండి. మెలకువలో కూడా గురక శబ్దం వస్తున్నా, కొంచెం నడిచేసరికే రొప్పుతున్నా ఎండలో తిప్పకండి, ఒకసారి తీసుకొచ్చి చూపించండి.