రేయాన్ష్ అంటే కాంతి కిరణమా? పిల్లల పేర్ల మీద అపోహలు - వాస్తవాలు

నెల్లూరు మూలాపేటలో పౌరోహిత్యం చేస్తుంటాను. మా నాన్నగారిదీ ఇదే వృత్తి. ఆయన బారసాలకు వెళ్లిన రోజుల్లో పేరు ఏ తాతదో, ఏ ఇలవేల్పుదో ముందే ఖాయమై ఉండేది. ఇప్పుడు నేను పీట మీద కూర్చోకముందే ఎవరో ఒకరు ఫోను చేతికిస్తారు. "దీని అర్థం ఇదేనా స్వామీ, ఒకసారి చూడండి" అంటారు.

ఆమధ్య బుచ్చిరెడ్డిపాళెం దగ్గర ఒక ఇంటికి వెళ్లాను. పిల్లవాడిది స్వాతి రెండో పాదం, అక్షరం "రే". బెంగళూరులో ఉద్యోగాలు చేసుకుంటున్న తల్లిదండ్రులు రేయాన్ష్ అని అనుకున్నారు. "కాంతి కిరణం, విష్ణువు అంశ, సంస్కృత పదం" అని ఫోనులో ఉంది. పక్కనే కూర్చున్న తాతగారు, "ఏంది స్వామీ, నాకు నోరు తిరగటంలా. మంచి పేరేనా?" అన్నారు. ఆయనకు ఆరోజు చెప్పినవీ, తర్వాత చాలా ఇళ్లలో చెప్పవలసి వచ్చినవీ ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: రేయాన్ష్ సంస్కృత పదం, కాంతి కిరణమని అర్థం.

వాస్తవం: పేరును రెండుగా విడదీసి చూడాలి. రెండో సగం "అంశ" సంస్కృతమే, భాగం అని అర్థం. చిక్కంతా మొదటి సగంలో ఉంది. కిరణానికి సంస్కృతంలో పేర్లు బోలెడున్నాయి. సంస్కృత నిఘంటువు అమరకోశం ఒక్క శ్లోకంలోనే కిరణ, ఉస్ర, మయూఖ, అంశు, గభస్తి, ఘృణి, రశ్మి, భాను, కర, మరీచి, దీధితి అని వరసగా చెబుతుంది. వాటిలో "రే" లేదు. "రే" అంటే కిరణం అన్నది ఇంగ్లీషు మాట, దాని మూలం లాటిన్‌లోని రేడియస్. ఎవరో ఇంగ్లీషు తలను సంస్కృతం మొండేనికి అతికించి, మొత్తం సంస్కృతమని రాశారు.

మన తెలుగులో "రే" అంటే రాత్రి. రేయింబవళ్లు, రేరాజు, రేచీకటి అన్నీ ఆ మాటతో పుట్టినవే. తెలుగు చెవితో వింటే రేయాంశ అంటే రాత్రిలో ఒక భాగం. అందులో తప్పేమీ లేదు, చందమామ కూడా రేరాజే. కానీ "కాంతి" అని చెప్పుకోవడం సరికాదు.

ఇక్కడ నాకు బాధ కలిగించే సంగతి ఇంకొకటి ఉంది. "అంశ" అంటే భాగం, "అంశు" అంటే కిరణం. చివరి ఉకారమే తేడా. సూర్యుణ్ణి అంశుమాలి అన్నది అందుకే, సగరుడి మనవడు అంశుమంతుడి పేరులో ఉన్నదీ ఆ కిరణమే. వెలుగు కోరుకునే తల్లిదండ్రులకు ఆ ఉకారం దొరికి ఉంటే పేరులో నిజంగానే కిరణం ఉండేది. హిందీ ఉచ్చారణలో "అంశ" చివరి అకారం జారిపోయి "అంశ్" అయింది. దాన్ని ఇంగ్లీషు అక్షరాల్లో రాసుకుని, తిరిగి తెలుగులోకి తెచ్చుకునేసరికి "ఆన్ష్" అయింది. శకారం కూడా షకారమైపోయింది.

"రే" అక్షరంతోనే వెలుగు కావాలంటే రేవంతుడు ఉన్నాడు. సాక్షాత్తు సూర్యుడి కొడుకు, గుర్రమెక్కి పుట్టినవాడని పురాణం.

అపోహ: పాదాక్షరంతో మొదలవని పేరు పెట్టకూడదు.

వాస్తవం: ఇలాంటి పేర్లు ఇన్ని పుట్టడానికి ఈ పట్టుదలే పెద్ద కారణం. 27 నక్షత్రాలు, ఒక్కోదానికి 4 పాదాలు, మొత్తం 108 అక్షరాలు. ఇది జ్యోతిషంలోని అవకహడ చక్రం. ఆర్ద్ర మూడో పాదానికి "ఙ", హస్త మూడో పాదానికి "ణ" అని అందులో ఉంది. ఆ అక్షరాలతో మొదలయ్యే పేరు తెలుగులో ఎక్కడుంది? అలాంటప్పుడు అదే నక్షత్రంలో మరో పాదం అక్షరం తీసుకోవడం వాడుక. జన్మనామం ఒకటి, పిలుపు పేరు ఒకటి ఉంచుకోవడం ఎప్పటినుంచో ఉన్నదే. ఇంట్లో జరిపే కర్మల విధులు చెప్పే ఆశ్వలాయన గృహ్యసూత్రం ఉపనయనం దాకా తల్లిదండ్రులకు మాత్రమే తెలిసే పేరొకటి ఉండాలంటుంది. అక్షరం కోసం జన్మనామం పెట్టుకుని, పిలవడానికి మనసుకు నచ్చిన మంచి మాట పెట్టుకోవచ్చు.

అపోహ: కొత్తగా కట్టిన పేరు శాస్త్రానికి విరుద్ధం.

వాస్తవం: ఇది పెద్దవాళ్ల అపోహ. పారస్కర గృహ్యసూత్రం మగపిల్లవాడి పేరుకు రెండో నాలుగో అక్షరాలు ఉండాలని, మొదట నాదం ఉన్న హల్లు, మధ్యలో య ర ల వలలో ఒకటి ఉండాలని చెబుతుంది. ఆడపిల్లకు బేసి అక్షరాలు, చివర ఆకారం అంటుంది. పాత పేరే పెట్టాలని మాత్రం అనదు. పేరు కట్టాలంటే వ్యాకరణం తెలియాలన్నది పెద్దల మాట. పతంజలి మహాభాష్యంలో వ్యాకరణం ఎందుకు చదవాలో చెబుతూ పిల్లవాడికి పేరు పెట్టడాన్నీ ఒక కారణంగా చూపిస్తాడు. కృత్తు (ధాతువు నుంచి పుట్టిన మాట) ఏదో తద్ధితం (మరో నామం నుంచి పుట్టిన మాట) ఏదో వ్యాకరణం లేకుండా తెలియదంటాడు. ఆడపిల్ల పేరు "సుఖోద్యం, విస్పష్టార్థం" కావాలని మనుస్మృతి అంటుంది, అంటే పలకడానికి తేలిక, అర్థం తేటతెల్లం. తాతగారు "నోరు తిరగటంలా" అన్నారే, ఆ అభ్యంతరం శాస్త్రం ఒప్పుకున్నదే.

కొత్త పేర్లన్నీ కల్పితాలు కూడా కావు. విహాన్ అంటే వేకువ, అది నిజమే. కాకపోతే హిందీలో, భోజ్‌పురిలో ఉన్న మాట. తన్వి అచ్చమైన సంస్కృతం, సన్నని అమ్మాయి అని అర్థం. జాన్వి మాత్రం జాహ్నవి అరిగి అయింది. జహ్నుమహర్షి కూతురుగా గంగకు వచ్చిన పేరది. "హ్న" పోతే జహ్నువూ పోయాడు. పలకడం కష్టమని ఆ అక్షరం తీసేయకండి, పిల్లలు నేర్చుకుంటారు.

అపోహ: మన పాత పేర్లు మోటువి, వాటికి అర్థం లేదు.

వాస్తవం: ఫోనులో అర్థం దొరకని పేర్లు మన ఊళ్లలో చాలా ఉన్నాయి, వాటికి మూలం మాత్రం వేలితో చూపించవచ్చు. పెంచలయ్య అంటే పెంచలకోన నరసింహస్వామి, పెనుశిల అనే పేరూ ఆ స్వామిదే. మాలకొండయ్య, మాల్యాద్రి రెండూ కందుకూరు వైపు మాలకొండ స్వామివే, ఒకటి తెలుగులో ఒకటి సంస్కృతంలో. కామాక్షమ్మ పెన్న ఒడ్డున జొన్నవాడ అమ్మవారు. చెంగమ్మ, చెంగయ్య సూళ్లూరుపేట చెంగాళమ్మ దయతో పుట్టినవాళ్లు. కసుమూరు దర్గాలో మొక్కుకున్న హిందువుల ఇళ్లల్లోనూ మస్తానయ్య, మస్తానమ్మ ఉంటారు. కుటుంబం ఏ కొండ ఎక్కిందో, ఏ గడప దగ్గర కన్నీళ్లు పెట్టుకుందో ఆ పేర్లలో ఉంది. ఇంతకంటే మంచి అర్థం ఏ పట్టికలో దొరుకుతుంది? వెలుగు కోసం వెతికేవాళ్లకు ఇంకో మాట. పక్క జిల్లా పేరే ప్రకాశం. 1972లో టంగుటూరి ప్రకాశం పంతులుగారి పేరు దానికి పెట్టారు.

అపోహ: ఇంగ్లీషులో ఇంకో "ఏ" కలిపితే పేరుకు బలం వస్తుంది.

వాస్తవం: ఆ న్యూమరాలజీ లెక్క ఇంగ్లీషు అక్షరాలకు ఇచ్చిన అంకెలది, మన నామకరణ విధిలో లేదు. అక్షరాలకు అంకెలు మనకూ ఉన్నాయి, కటపయాది అంటారు. కర్ణాటక సంగీతంలో ధీరశంకరాభరణం అనే రాగం పేరులో ధ 9, ర 2, తిప్పి చదివితే 29, అది 29వ మేళకర్త రాగమని అర్థం. అది అంకెలు గుర్తుపెట్టుకునే ఉపాయం, జాతకం మార్చేది కాదు.

అపోహ: ఆసుపత్రి నుంచి వచ్చేలోపే పేరు తేల్చేయాలి, లేకపోతే సర్టిఫికెట్ రాదు.

వాస్తవం: 21 రోజుల్లో నమోదు చేయించవలసింది పుట్టుకను. పేరు ఖాళీగా ఉంచి 12 నెలల లోపు రుసుము లేకుండా రాయించుకోవచ్చు. ఆ తర్వాత కూడా రుసుము కట్టి 15 ఏళ్ల దాకా వీలుంది. తొందరపడి అర్థం తెలియని పేరు రాయించకండి. తెలుగులో అక్షరాలు ఎలా రాశారో ఒకటికి రెండుసార్లు చూసుకోండి.

ఆ ఇంట్లో ఇదంతా విన్నాక తల్లి చాలాసేపు మాట్లాడలేదు. "కడుపులో ఉన్నప్పటినుంచి అదే పేరుతో పిలుచుకున్నా స్వామీ" అంది చివరికి. అలాంటి పేరు తీసేయమనడానికి నాకు నోరు రాలేదు, తీసేయాల్సిన అవసరమూ లేదు. "మరి పెద్దయ్యాక అర్థం అడిగితే ఏం చెప్పాలి?" అన్నాడు తండ్రి. "నువ్వు స్వాతి రెండో పాదంలో పుట్టావు, 'రే' నీ నక్షత్రం అక్షరం, మాలో అంశవి కాబట్టి అంశ, రెండూ కలిపి మీ అమ్మ కట్టింది అని చెప్పు నాయనా. ఇందులో అబద్ధం ఒక్కటీ లేదు" అన్నాను.

పళ్లెంలో మొలగొలుకుల బియ్యం పరిచి ఉన్నాయి. తండ్రి ఉంగరంతో మెల్లగా "రేయాంశ్" అని రాశాడు, శకారంతో. తాతగారు వంగి కూడబలుక్కుని చదివి, మనవడి చెవిలో మూడుసార్లు చెప్పారు.