ప్రమోషన్, పెన్షన్ కేసులు: పెద్ద అధికారులు కూడా నమ్మే అపోహలు

ఇతరుల ఫైళ్ల మీద జీవితమంతా నోట్లు రాసిన అధికారులు కూడా, సొంత కేసు దగ్గరికి వచ్చేసరికి సచివాలయం కారిడార్‌లో విన్న మాటనే నమ్ముతారు. హైదరాబాద్‌లో సర్వీస్ కేసులు చూసే న్యాయవాదిగా నాకు బాధ కలిగించేది ఇదే. న్యాయం ఉన్న కేసులు గడువు దాటి చేజారిపోతున్నాయి.

అపోహ: రిప్రజెంటేషన్లు (ప్రభుత్వానికి అర్జీలు) పెడుతూ ఉంటే కేసు బతికే ఉంటుంది.

అన్నిటికన్నా ఎక్కువ నష్టం చేసే నమ్మకం ఇది. 1985 నాటి అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్స్ చట్టం, సెక్షన్ 21 ప్రకారం తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోగా క్యాట్‌కు, అంటే కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. రిప్రజెంటేషన్ ఇచ్చి ఆరు నెలలైనా జవాబు రాకపోతే, ఆ ఆరు నెలలు నిండినప్పటి నుంచి ఏడాది. అంటే మొత్తం ఏడాదిన్నర. ఆ తర్వాత ఎన్ని రిమైండర్లు పెట్టినా గడువు పెరగదు. ఆలస్యానికి గట్టి కారణం చూపిస్తే క్షమించవచ్చు గానీ, 'సార్ చూస్తానన్నారు' అన్నది కారణం కాదు. పాత విషయం మీద కొత్తగా రిప్రజెంటేషన్ ఇచ్చి, దానికి జవాబు తెచ్చుకున్నంత మాత్రాన గడువు మళ్లీ మొదలవదని సి. జాకబ్ కేసులో 2008లోనే సుప్రీంకోర్టు తేల్చింది.

ఈమధ్య ఒక సీనియర్ అధికారి తన కాగితాలు తెచ్చారు. ప్రతి దాని మీదా ఇన్‌వర్డ్ ముద్ర, తేదీ, పొట్టి సంతకం. తేదీల వరుసలో పేరిస్తే అన్నిటికన్నా అడుగున ప్రొవిజినల్ (తాత్కాలిక) సీనియారిటీ లిస్టు వచ్చింది. అభ్యంతరాలుంటే పదిహేను రోజుల్లో తెలపాలని దాని చివరి పేరాలోనే ఉంది. ఆయన పెట్టిన అర్జీలన్నీ ఆ లిస్టు ఫైనల్ అయ్యాక పెట్టినవే. మొదటి అర్జీకీ రెండో అర్జీకీ మధ్య మూడేళ్ల ఖాళీ. ఆలోగా ఆయన జూనియర్లు రెండు మెట్లు పైకెళ్లారు. వాళ్లను ప్రతివాదులుగా చేర్చకుండా ఆ కేసు నిలవదు. చేరిస్తే 'ఇన్నాళ్లూ ఏం చేశారు?' అన్నదే వాళ్ల మొదటి ప్రశ్న. సీనియారిటీ లెక్కలో ఆయన చెప్పిందే సరైనదని నాకు ఇప్పటికీ అనిపిస్తుంది.

పెన్షన్ సంగతి వేరు. లెక్క తప్పి నెలనెలా తక్కువ వస్తుంటే ప్రతి నెలా కొత్త అన్యాయమే. అందుకే ఆలస్యంగా వెళ్లినా కోర్టు వింటుంది. అయితే బకాయిలు మాత్రం మామూలుగా కేసు వేయడానికి ముందు మూడేళ్లకే ఇస్తారు. ఇది తర్సేమ్ సింగ్ కేసులో 2008లో వచ్చిన తీర్పు. ప్రమోషన్లకు ఈ వెసులుబాటు లేదు, అక్కడ ఇంకొకరి సీనియారిటీ కదులుతుంది కాబట్టి.

అపోహ: ఎలాగూ హైకోర్టు ఉంది, నేరుగా రిట్ వేసేయవచ్చు.

ఐఏఎస్, ఐపీఎస్‌లు ముందు క్యాట్ హైదరాబాద్ బెంచ్‌కే వెళ్లాలి. ఆ తర్వాతే హైకోర్టు డివిజన్ బెంచ్. 1997 నాటి ఎల్. చంద్రకుమార్ తీర్పు నుంచి ఇదే దారి. తెలంగాణలో రాష్ట్ర ట్రిబ్యునల్ లేదు కాబట్టి గ్రూప్-1 అధికారులు నేరుగా హైకోర్టుకే వెళ్తారు. చిక్కల్లా ఇద్దరికీ మధ్యలో ఉన్నవాళ్లకే. డిప్యూటీ కలెక్టర్ల సీనియారిటీ వివాదం హైకోర్టుది. అదే అధికారి పేరు ఐఏఎస్ సెలెక్ట్ లిస్టులో ఎక్కకపోతే ఆ వివాదం క్యాట్‌ది.

అపోహ: ఫిర్యాదు ఉంటే చాలు, ప్రమోషన్ ఆపేయవచ్చు.

ఆకాశరామన్న ఉత్తరానికీ, ప్రాథమిక విచారణకూ సీల్డ్ కవర్ పెట్టకూడదు, అంటే ప్రమోషన్ సిఫారసును కవర్‌లో మూసి పక్కన పెట్టకూడదు. సస్పెన్షన్‌లో ఉండాలి, లేదా ఛార్జ్ మెమో (శాఖాపరమైన అభియోగ పత్రం) ఇచ్చి ఉండాలి, లేదా క్రిమినల్ కేసులో ఛార్జిషీటు పడి ఉండాలి. 1991లో జానకిరామన్ తీర్పు చెప్పింది ఇదే. ఇక్కడ చాలామంది చూడనిది ఒకటుంది. కేంద్రం 1992లో ఇచ్చిన మెమో ప్రకారం, డీపీసీ (ప్రమోషన్లకు పేర్లు పరిశీలించే కమిటీ) మీ పేరు సిఫారసు చేశాక, ఉత్తర్వు రాకముందే ఛార్జ్ మెమో వచ్చినా ఆ సిఫారసు కవర్‌లోకి వెళ్లినట్టే లెక్క. మొదటి డీపీసీ నుంచి రెండేళ్లు దాటినా కేసు తేలకపోతే ఎడ్‌హాక్ (తాత్కాలిక) ప్రమోషన్ పరిశీలించాలని కూడా ఆ మెమోలోనే ఉంది. అది అడిగేవాళ్లు తక్కువ. అడగండి.

అపోహ: రిటైరైతే ఇక ఎవరూ ఏమీ చేయలేరు.

నడుస్తున్న విచారణ రిటైర్మెంట్‌తో ఆగదు. అది తేలేదాకా ప్రొవిజనల్ పెన్షన్ వస్తుంది, గ్రాట్యుటీ ఆగుతుంది. రిటైరయ్యాక కొత్తగా శాఖాపరమైన విచారణ మొదలుపెట్టాలంటే ప్రభుత్వ మంజూరు కావాలి. ఐఏఎస్ అయితే కేంద్రం ఇవ్వాలి. పైగా ఆ సంఘటన విచారణ మొదలుపెట్టే నాటికి నాలుగేళ్లు దాటి ఉండకూడదు. నేనైతే నోటీసు రాగానే ముందు ఆ తేదీలే చూస్తాను.

అలాగని పెన్షన్ ఎవరి దయా కాదు. 1971లో దేవకీనందన్ ప్రసాద్ తీర్పు దాన్ని హక్కు అంది. 1982 డిసెంబర్ 17న నకారా కేసులోనూ అదే మాట. మన పెన్షనర్ల సంఘాలు ఏటా ఆ రోజునే పెన్షనర్ల దినోత్సవం జరుపుతాయి. రూలు లేకుండా పెన్షన్‌లో ఒక్క రూపాయి కూడా ఆపడానికి లేదని 2013లో సుప్రీంకోర్టు జార్ఖండ్ కేసులో మళ్లీ చెప్పింది.

అపోహ: ఎక్కువ చెల్లించిన జీతాన్ని రిటైరయ్యాక రికవర్ చేయలేరు.

రిటైరైనవాళ్ల నుంచి అలా రికవర్ చేయకూడదన్న 2014 నాటి రఫీక్ మసీహ్ తీర్పును అందరూ చూపిస్తారు. 2016లో జగదేవ్ సింగ్ కేసు తీర్పు ఎవరూ చదవరు. ఎక్కువ వస్తే తిరిగి కడతానని అండర్‌టేకింగ్ ఇచ్చిన అధికారికి పాత రక్షణ వర్తించదు. పే రివిజన్ ఆప్షన్ ఫారంతో పాటు అలాంటి అండర్‌టేకింగ్ మీద సంతకం పెట్టి మర్చిపోయినవాళ్లు చాలామంది ఉంటారు. రికవరీ నోటీసు పట్టుకుని లాయర్ దగ్గరికి వెళ్లేముందు ఆ ఫారం కాపీ తీయించుకోండి.