లెటర్ చేతిలో ఉంటే షూటింగ్ అయిపోయినట్టేనా? (అపోహలు - వాస్తవాలు)

గత నెలలో, ప్రభుత్వ ఆఫీసుల్లో డాక్యుమెంటరీ తీయాలనుకుంటున్న ముగ్గురు కుర్రాళ్లు ఫోన్ చేశారు. ముగ్గురిదీ ఒకటే ఉత్సాహం: "అన్నా, పర్మిషన్ లెటర్ వచ్చేసింది, సోమవారం నుంచి షూట్!" సోమవారం కెమెరా తీసుకెళ్లొద్దని చెప్పాను. ఇద్దరికి కోపమొచ్చింది.

అపోహ: పై ఆఫీసరు సంతకం ఉంటే చాలు.

వాస్తవం: ఆ లెటర్ గేటు దాటిస్తుంది, అంతే. లోపల సెక్షన్ క్లర్కు, అటెండరు, అర్జీ పట్టుకుని లైన్లో నిలబడ్డ మనిషి, ఎవరికి వాళ్లు ఒప్పుకోవాలి. ఇవాళ సరే అన్నవాళ్లు రేపు వద్దనొచ్చు. సార్ చెప్పారు కదా అని నిలబడ్డ మనిషి కొయ్యబారిపోతాడు. ఆ ఫుటేజ్ ఎడిట్‌లో దేనికీ పనికిరాదు.

నా సంగతే చెప్తాను. ఒక ఆఫీసులో సోమవారం ప్రజావాణి, అంటే జనం వచ్చి అర్జీలిచ్చే కార్యక్రమం, తీయడానికి వెళ్లాం. గుండ్రటి స్టాంపు వేసిన లెటర్ ఉందన్న ధీమాతో, సౌండ్ పాడవుతోందని మే నెలలో ఫ్యాన్లు ఆపించాను. ఇక చూడండి. నేను హెడ్‌ఫోన్స్ పెట్టుకోవడం ఆలస్యం, అటెండరు ఇనప కుర్చీని గచ్చు మీద బర్రున ఈడ్చేవాడు. నాలుగు సోమవారాల సౌండ్ గంగలో కలిసింది. ఐదో సోమవారం కెమెరా ఇంట్లో పెట్టి వెళ్లాను. రాయడం రానివాళ్లకు అర్జీలు రాసిపెడుతూ కూర్చున్నాను. మధ్యాహ్నం టీ తాగుతుంటే అటెండరే వచ్చి పక్కన కూర్చున్నాడు. "నా మొఖం పడొద్దు సార్, బిడ్డకు సంబంధాలు చూస్తున్నం" అన్నాడు. నెల రోజులుగా అతన్ని అడగాల్సిన మాట నేను అడగనేలేదు. సినిమాలో అతని ముఖం లేదు. టోకెన్ నంబర్లు పిలిచే గొంతు మాత్రం ఉంది.

మనకే ఇలా అనుకోకండి. అమెరికాలో ఫ్రెడరిక్ వైజ్‌మన్ అనే డాక్యుమెంటరీ దర్శకుడు అధికారుల అనుమతితోనే మసాచుసెట్స్‌లోని ఒక జైలు ఆసుపత్రిలో 'టిటికట్ ఫాలీస్' తీశాడు. 1967లో సినిమా బయటికి వచ్చే వేళకే, అక్కడున్నవాళ్ల గోప్యతకు భంగమంటూ ఆ రాష్ట్రమే కోర్టుకెక్కింది. మామూలు ప్రేక్షకులకు చూపించడానికి 1991 దాకా దారి దొరకలేదు. ఆయన లా చదివినవాడు, లా పాఠాలు చెప్పినవాడు!

అపోహ: సుప్రీంకోర్టే లైవ్ ఇస్తోంది, మనమూ తీసుకోవచ్చు.

కుదరదు. 2018లో తీర్పు వచ్చింది, 2022 సెప్టెంబర్ 27 నుంచి రాజ్యాంగ ధర్మాసనాల విచారణలు లైవ్‌లో వస్తున్నాయి, నిజమే. కానీ ఆ కెమెరా కోర్టుది. అసెంబ్లీలోనూ అంతే, లోపలి కెమెరాలు సభవి, బయటివాళ్లకు మీడియా పాయింట్. కోర్టు హాల్లో సెల్‌ఫోన్ పైకెత్తి చూడండి, మిగతాది అక్కడివాళ్లే చెప్తారు.

అపోహ: కెమెరా ముందు అందరూ నటిస్తారు.

మొదటి గంట నటిస్తారు. తర్వాత వాళ్ల పని వాళ్లకు ముఖ్యం.

ఇంకొకటి ఉంది, దాన్ని అపోహ అనడానికి నాకు మనసు రాదు. "నా మాటలు నా కేసుకే అడ్డమొస్తాయా?" నాంపల్లిలో టీ కొట్టు దగ్గర ఒక పెద్దమ్మ అడిగింది, పాలిథిన్ కవర్లో కాగితాలు గుండెకు హత్తుకుని. రావొచ్చు. కోర్టు సమన్లు పంపితే ఫుటేజ్ ఇవ్వనని మొండికేయడానికి మాకు ప్రత్యేక హక్కేమీ లేదు. లాయరుతో క్లయింటు రహస్యంగా మాట్లాడుకునే మాటలకు చట్టం రక్షణ ఇచ్చింది. మధ్యలో మన మైకు దూరితే ఆ రక్షణకే ఎసరు. లేపల్ (బట్టలకు తగిలించే చిన్న మైకు) పెట్టుకున్నవాళ్లు పది నిమిషాల్లో దాన్ని మర్చిపోతారు. చున్నీ కింద మైకుతోనే వరండా చివరికెళ్లి లాయరుతో గుసగుసలాడతారు. ఆ మాట మన చెవిలో ఖంగుమంటుంది. వెంటనే రికార్డింగ్ ఆపాలి, వెళ్లి మైకు విప్పి తెచ్చుకోవాలి. పిల్లల కేసులు, లైంగిక దాడుల బాధితులు అయితే అసలు మైకే పెట్టకూడదు. వాళ్ల గుర్తింపు బయటపెట్టడం నేరం.

పెద్దమ్మ అన్నీ విని సరే అంది. రెండు రోజులకు కొడుకు ఫోన్ చేసి వద్దన్నాడు. మా రషెస్‌లో, అంటే ఎడిట్ చేయని ఫుటేజ్‌లో, ఆమెదే అన్నిటికన్నా మంచి సీను. తీసేశాం.

మూడో కుర్రాడు మాత్రం కోప్పడలేదు. "మరి సోమవారం వెళ్లి ఏం చెయ్యాలన్నా?" అని అడిగాడు. రెండు పెన్నులు పట్టుకెళ్లమన్నాను, ఒకటి ఎవరో ఒకరు అడిగి తీసుకుంటారు, తిరిగి రాదు.