స్పాన్సర్ దొరకని పాటగాడు

1957 డిసెంబర్ 17తో అమెరికా టీవీ నెట్‌వర్క్ ఎన్‌బీసీలో గాయకుడు నాట్ కింగ్ కోల్ వెరైటీ షో ఆగిపోయింది. నడిచింది ఏడాది పైచిలుకు. ఎల్లా ఫిట్జెరాల్డ్, హ్యారీ బెలఫాంటే లాంటి పెద్ద గాయకులు మామూలుగా తీసుకునేదానికంటే చాలా తక్కువకే వచ్చి పాడి వెళ్లారు. అయినా అమెరికా మొత్తానికి స్పాన్సర్ చేస్తామని ఒక్క కంపెనీ ముందుకు రాలేదు. కోల్ నల్లవాడు. దక్షిణాది రాష్ట్రాల్లో తమ సరుకు కొనరేమోనని కంపెనీల భయం.

షోలో ఎవరుండాలో తేల్చే పెత్తనం సరుకు అమ్మేవాళ్లకు రేడియో రోజుల నుంచే ఉంది. అప్పట్లో కంపెనీ యాడ్ ఏజెన్సీతో కార్యక్రమం తయారుచేయించి, దానికి తన పేరే తగిలించేది. టీవీకీ అదే అలవాటు వచ్చింది. 1948 జూన్‌లో మొదలై హాస్యనటుడు మిల్టన్ బెర్ల్‌ని ఇంటింటి మనిషిని చేసిన షో పేరు ‘టెక్సకో స్టార్ థియేటర్’. పెట్రోల్ బంకు కుర్రాళ్ల వేషంలో నలుగురు వచ్చి కంపెనీ పాట అందుకున్నాకే అసలు షో. ఆ తర్వాత పాటలు, గారడీలు, ఆడవేషంలో బెర్ల్ కోతి చేష్టలు. అంతా పాత వాడెవిల్ (పాటలు, హాస్యం, గారడీలు కలిపిన రంగస్థల వినోదం) స్టేజీ సరుకే. సినిమా దెబ్బకు ఆ స్టేజీలు మూతబడితే, టీవీ వాటికి మళ్లీ ప్రాణం పోసింది.

అదే నెలలో మరో నెట్‌వర్క్ సీబీఎస్‌లో ఎడ్ సలివన్ షో మొదలైంది. పత్రికలో కాలమ్ రాసుకునే మనిషి. పాడలేడు, ఆడలేడు, కెమెరా ముందు కొయ్యబొమ్మలా నిలబడేవాడు. ఎవరిని పిలవాలో మాత్రం ఆయనకు తెలిసినట్టు ఇంకెవరికీ తెలియదు. అందుకే 23 ఏళ్లు సాగింది. పెర్ల్ బెయిలీ లాంటి నల్లజాతి కళాకారులను పిలిచి ఆప్యాయంగా పలకరిస్తే, స్పాన్సర్ కార్లు అమ్మే దక్షిణాది డీలర్లు గొణిగారు. ఆయన మానలేదు. కానీ అతిథిగా వచ్చి ఓ పాట పాడి వెళ్లడం వేరు, వారంవారం షో తన పేరుమీద నడపడం వేరు. కోల్‌కి చిక్కు అక్కడే వచ్చింది.

నిజానికి ఎన్‌బీసీ ఆయన్ని పొమ్మనలేదు, నష్టానికే నడిపింది. చివరికి శనివారం సాయంత్రం 7 గంటలకు మారుస్తామంటే కోలే వద్దన్నాడు. ప్రకటనల కంపెనీల అడ్డా అయిన మాడిసన్ అవెన్యూకి చీకటంటే భయమని అప్పుడే అన్నాడు.

తర్వాత ఖర్చులు పెరిగి, కంపెనీలు షో మొత్తానికి బదులు యాడ్ నిమిషాలు కొనడం మొదలుపెట్టాయి. పెత్తనం చాలావరకు నెట్‌వర్క్‌ల చేతికి వచ్చింది. అలాగని భయం పోలేదు. 1968లో తెల్లజాతి బ్రిటిష్ గాయని పెటులా క్లార్క్ షోలో పాడుతూ ఆమె నల్లజాతి గాయకుడు బెలఫాంటే చేయి పట్టుకుంటే, స్పాన్సర్ కార్ల కంపెనీ మనిషి ఒప్పుకోలేదు, వేరే టేక్ వాడమన్నాడు. క్లార్క్, ఆమె భర్త కలిసి మిగతా టేకులన్నీ చెరిపేయించారు. ఏప్రిల్ 2న జనం చూసింది చేయి పట్టుకున్న పాటనే.