డిఫెండర్ అంటే బాల్ బయటికి తన్నేవాడు కాదండీ: కొన్ని అపోహలు - వాస్తవాలు

నేను ఫుట్‌బాల్ ఆడినన్నాళ్లూ స్టాపర్ బ్యాక్‌గానే, అంటే సొంత గోల్ ముందు మధ్యలో నిలబడే డిఫెండర్‌గానే ఆడాను, ఇప్పుడు విజయవాడలో పిల్లలకి కోచింగ్ ఇస్తున్నాను. పొద్దున్నే గ్రౌండ్ గట్టు మీద కూర్చునే పేరెంట్స్ అడిగేవి, గుంటూరు నుంచి కుర్రాళ్లు వాట్సాప్‌లో పెట్టేవి చూస్తుంటే డిఫెండర్ల గురించి మనవాళ్లు అనుకునేదాంట్లో సగానికి పైగా తప్పే, ఆ తప్పుడు మాటలు విని మంచి పిల్లలు ఆట మానేస్తున్నారు, అందుకే కూర్చుని రాస్తున్నా.

అపోహ: ఆట రానోణ్ణి వెనక నిలబెడతారు

ఇది మన స్కూల్ టీముల్లోంచి వచ్చిన జబ్బు. కాస్త లావుగా ఉన్నోడు, స్పీడ్ లేనోడు, నిన్నే చేరినోడు, వీళ్లందర్నీ బ్యాక్‌లో పెట్టేసి "బాల్ వస్తే గట్టిగా తన్నెయ్‌రా" అని వదిలేస్తారు. ఆ పిల్లోడికి ఇంక ఫస్ట్ టచ్ ఎప్పుడొస్తుంది, పాస్ ఎప్పుడొస్తుంది?

అసలు ప్రొఫెషనల్ ఆటలో ఎటాక్ మొదలయ్యేదే సెంటర్ బ్యాక్ (అదే స్టాపర్) దగ్గర. 1992లో బ్యాక్‌పాస్ రూల్ వచ్చింది, మనోడు కావాలని కాలితో ఇచ్చిన బాల్‌ని కీపర్ చేత్తో పట్టకూడదు. 2019లో గోల్ కిక్ (ఎదుటివాళ్లు తన్నిన బాల్ గోల్ లైన్ బయటికెళ్తే మనం కొట్టే కిక్) రూల్ కూడా మార్చారు, బాల్ గోల్ ముందుండే పెనాల్టీ బాక్స్ దాటేదాకా ఆగక్కర్లేదు, డిఫెండర్ లోపలే తీసుకోవచ్చు. ఈ రెండిటితో ఏమైందంటే, ఎదుటి ఫార్వర్డ్ మీదకి దూసుకొస్తుంటే సొంత గోల్ ముందు నిలబడి, బాల్ ఆపి, తల ఎత్తి, కుడి ఎడమ ఏ కాలితోనైనా పాస్ ఇవ్వగలగాలి. అలాంటి సెంటర్ బ్యాకుల ధర చూడండి, 2018 జనవరిలో లివర్‌పూల్ క్లబ్ వాన్ డైక్ కోసం దాదాపు 7.5 కోట్ల పౌండ్లు పెట్టింది, మరుసటి ఏడాది మాంచెస్టర్ యునైటెడ్ మగ్వైర్‌కి 8 కోట్ల దాకా పెట్టింది. కాబట్టి మీవాణ్ణి కోచ్ డిఫెన్స్‌లో పెట్టాడంటే చిన్నబుచ్చుకోకండి, కాకపోతే బాల్‌తో కూడా పని చేయిస్తున్నాడా లేదా అని మాత్రం చూసుకోండి.

అపోహ: స్లైడింగ్ టాకిల్ బాగా కొట్టేవాడే మంచి డిఫెండర్

నేల మీద జారుతూ బాల్ లాగేసుకోవడం, రీల్స్‌లో కనిపించేది అదే కదా, అందుకే పిల్లలందరికీ అదే కావాలి. కానీ కింద పడ్డ డిఫెండర్ లేచేలోపు టీమ్‌లో ఒక మనిషి లేనట్టే. టాకిల్ అనేది ఆఖరి మార్గం, అంతకుముందు చెయ్యాల్సిన పని చాలా ఉంటుంది.

ఒక వింగర్ (గ్రౌండ్ పక్క అంచున ఆడే ఎటాకర్) బాల్‌తో మీ మీదకి వస్తున్నాడు అనుకోండి. ఎదురుగా రెండు కాళ్లూ సమానంగా పెట్టి నిలబడితే కాళ్ల మధ్యలోంచే బాల్ పోతుంది, అందుకని ఒంటిని కొంచెం పక్కకి తిప్పి, ఒక కాలు ముందు ఒక కాలు వెనక, మోకాళ్లు వంచి, బరువు పాదాల ముందు భాగం మీద ఉంచాలి. దూరం చెయ్యి చాపితే అందేంత, అంతకంటే దగ్గరికెళ్తే దాటేస్తాడు, దూరంగా ఉంటే గోల్ ముందుకి క్రాస్ వేసేస్తాడు. తర్వాత అతన్ని ఎటు పంపాలో మనమే డిసైడ్ చెయ్యాలి, ఎక్కువసార్లు టచ్‌లైన్ (గ్రౌండ్ పక్క గీత) వైపు, లేదా అతని వీక్ ఫుట్ వైపు. చిన్న చిన్న అడుగులతో వెనక్కి జరుగుతూ, కళ్లు బాల్ మీదే పెట్టాలి, నడుము ఊపుడికి మోసపోకూడదు. ఏదో ఒక టచ్ కాస్త ముందుకి పడుతుంది చూడండి, అదీ మన క్షణం, అప్పుడు కాలు పెట్టాలి. పడకపోయినా నష్టం లేదు, ఈలోపు మిడ్‌ఫీల్డర్ వెనక్కి వచ్చేస్తాడు, మన పని అయిపోయినట్టే.

మన దగ్గర చాలా గ్రౌండ్లు గట్టి మట్టి, గడ్డి ఉన్నచోట కూడా మే నెలకి మాడిపోతుంది, స్లైడ్ వేస్తే తొడ చర్మం లేచిపోతుంది. దీన్ని అందరూ లోటు అంటారు, సౌకర్యాలు కావాల్సిందే, కాదనను, కానీ నిలబడి డిఫెండ్ చెయ్యడం నేర్పడానికి ఈ నేలే పనికొస్తుందని నా నమ్మకం.

ఇంకో మాట, రూల్ కూడా తెలిసుండాలి. బాక్స్‌లో గోల్ ఛాన్స్ ఆపేటప్పుడు బాల్ కోసం నిజంగా ట్రై చేసి ఫౌల్ అయితే పెనాల్టీ, ఎల్లో కార్డ్. చొక్కా పట్టి లాగితే పెనాల్టీతో పాటు రెడ్. 2016 నుంచి ఇలాగే ఉంది, మన ఇంటర్ కాలేజ్ మ్యాచుల్లో ఇప్పటికీ సగం మందికి తెలియదు.

అపోహ: ఆరడుగులు లేకపోతే డిఫెన్స్ కష్టం

2006లో వరల్డ్ కప్ ఎత్తిన ఇటలీ కెప్టెన్ కన్నవారో సెంటర్ బ్యాక్, ఎత్తు 176 సెంటీమీటర్లు, ఆ ఏడాది బెస్ట్ ప్లేయర్‌కిచ్చే బాలన్ డోర్ అవార్డు కూడా ఆయనకే. 2022లో కప్పు కొట్టిన అర్జెంటీనా టీమ్‌లో సెంటర్ బ్యాక్ లిసాండ్రో మార్టినెజ్‌ది ఇంకో సెంటీమీటర్ తక్కువ. కార్నర్లప్పుడు ఎత్తు ఉపయోగమే, నిజమే. కానీ పన్నెండేళ్ల పిల్లోణ్ణి గోడకి నిలబెట్టి కొలిచి "వీడు పనికిరాడు" అనడం మాత్రం అన్యాయం అండీ.

అపోహ: ముప్ఫై దాటితే కెరీర్ క్లోజ్

వింగర్లకి కొంతవరకు కరెక్టేమో, డిఫెండర్లకి కాదు. ఇటలీ డిఫెండర్ మాల్దీని 40 ఏళ్ల వరకు మిలాన్ క్లబ్‌కే ఆడాడు, పోర్చుగల్ డిఫెండర్ పెపే 41 ఏళ్లకి 2024 యూరో కప్‌లో ఆడాడు. స్పీడ్ తగ్గినా బాల్ ఎక్కడికొస్తుందో ముందే పసిగట్టడం పెరుగుతుంది, ముందే అక్కడ ఉంటే పరిగెత్తే పని తగ్గుతుంది. నోరు కూడా ఉండాలి. "లైన్ పైకి", "వెనక వచ్చాడు", "టైమ్ ఉంది" అని వెనకనుంచి అరిచేవాడు లేకపోతే నలుగురిలో ఒకడు రెండడుగులు వెనక ఉండిపోతాడు, మన లైన్ దాటి ముందే నిలబడి ఆఫ్‌సైడ్ (తప్పు) అవ్వాల్సిన ఫార్వర్డ్ కాస్తా ఆన్‌సైడ్ అయిపోతాడు. సిగ్గుపడే పిల్లలకి నేను మొదట నేర్పేది అరవడమే.

అపోహ: హెడింగ్ ఎంత ప్రాక్టీస్ చేస్తే అంత మంచిది

తలతో బాల్ కొట్టే ఈ విషయాన్ని దయచేసి సీరియస్‌గా తీసుకోండి. గ్లాస్గో యూనివర్సిటీ వాళ్లు స్కాట్లాండ్ మాజీ ప్రొఫెషనల్ ఆటగాళ్ల రికార్డులు చూస్తే, డిమెన్షియా లాంటి మెదడు జబ్బులతో చనిపోయే అవకాశం మామూలు జనం కంటే దాదాపు మూడున్నర రెట్లు ఎక్కువని 2019లో తేలింది. 2021లో పొజిషన్ల వారీగా చూస్తే ఈ జబ్బుల రిస్క్ అందరికంటే ఎక్కువ ఉన్నది డిఫెండర్లకే, సుమారు ఐదు రెట్లు, గోల్‌కీపర్లకి పెద్ద తేడా లేదు. అమెరికాలో పదేళ్లలోపు పిల్లలకి హెడింగే వద్దన్నారు, ఇంగ్లాండ్‌లో 2020 నుంచి ప్రైమరీ పిల్లలకి ట్రైనింగ్‌లో తీసేశారు. ఇక్కడ మాత్రం తొమ్మిదేళ్లవాడికి ఫుల్ సైజ్ బాల్ పైకి విసిరి వరసగా కొట్టిస్తున్నారు. నేను చిన్నపిల్లలకి గాలి తక్కువున్న తేలిక బాల్‌తో గెంతే టైమింగ్ ఒక్కటే చూపిస్తాను. తలకి తలకి గుద్దుకుంటే ఆ రోజుకి ఆట బంద్, "ఏం కాలేదు సార్" అన్నా సరే.

అపోహ: మనవాళ్లకి ఫుట్‌బాల్ ఏంటి, అది బెంగాల్, కేరళ వాళ్ల ఆట

హైదరాబాద్ సిటీ పోలీస్ టీమ్ 1950 నుంచి 1954 వరకు వరసగా ఐదుసార్లు రోవర్స్ కప్ అనే పెద్ద టోర్నీ గెలిచింది. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచిన ఇండియా టీమ్‌లో బ్యాక్ ఆడిన అజీజుద్దీన్ హైదరాబాదీ. 1965-66లో రాష్ట్రాల మధ్య జరిగే సంతోష్ ట్రోఫీ ఆంధ్రప్రదేశ్‌దే. 1962 ఏషియన్ గేమ్స్ గోల్డ్ తెచ్చిన కోచ్ రహీమ్ సాబ్ కూడా మన హైదరాబాదే. ఆ టోర్నీలో స్టాపర్ జర్నైల్ సింగ్‌కి తలకి కుట్లు పడితే, దక్షిణ కొరియాతో ఫైనల్‌కి ఆయన్ని ఫార్వర్డ్‌గా దింపారు, ఆయన గోల్ కొట్టాడు, 2-1తో గెలిచాం. డిఫెండర్‌కి ఆట రాదనేవాళ్లకి నేను ఈ మ్యాచ్ గురించే చెప్తా.

అపోహ: డబ్బు కడితే క్లబ్‌లో చోటు గ్యారంటీ

లక్షలు కట్టి మోసపోయి మా గ్రౌండ్‌కి వచ్చిన కుటుంబాలున్నాయి, పొలం కౌలు డబ్బు తెచ్చి కట్టినవాళ్లు కూడా ఉన్నారు, వాళ్ల ముఖం చూడలేం. క్లబ్‌కి నిజంగా ప్లేయర్ కావాలంటే ఆటగాడికి తనే ఇస్తుంది, తీసుకోదు. ఇండియా డిఫెండర్ సందేశ్ ఝింగన్ అర్జున అవార్డు దాకా వెళ్లాడు కానీ మొదలుపెట్టింది యునైటెడ్ సిక్కింలో, కింది డివిజన్‌లో. అలా మెట్టు మెట్టుగా జిల్లా, స్టేట్, యూనివర్సిటీ, సంతోష్ ట్రోఫీ, అక్కణ్ణుంచి క్లబ్. పైకెళ్లాక కూడా నిశ్చింత లేదు, 2025లో ఐఎస్ఎల్ (ఇండియన్ సూపర్ లీగ్) సీజన్ ఆగిపోయి కొన్ని క్లబ్బులు జీతాలే ఆపేశాయి. అందుకే డిగ్రీ వదలొద్దు, రైల్వే, పోలీస్ స్పోర్ట్స్ కోటా నోటిఫికేషన్లు చూస్తుండండి, ఆడిన ప్రతి టోర్నీ సర్టిఫికెట్ ఫైల్‌లో పెట్టుకోండి. ఏ క్లబ్ పిలిచినా కాంట్రాక్ట్ కాగితం మీద ఉండాలి, అందులో ఎన్నాళ్లు, నెలకి ఎంత, దెబ్బ తగిలితే ట్రీట్‌మెంట్ ఖర్చు ఎవరిది, ఈ మూడూ చదివాకే సంతకం పెట్టండి, ఒక కాపీ ఇంటికి తెచ్చుకోండి.