సంతానం కోసం ఎదురుచూస్తున్న దంపతులకు: అపోహలు - వాస్తవాలు

సంతానం కలగడం లేదని మా దగ్గరకు వచ్చే దంపతులు చాలామంది వెంట ఒక లావుపాటి ఫైలు తెస్తారు. అందులో భార్య పేరు మీద ఏళ్ల తరబడి తీయించిన స్కానింగులు, థైరాయిడ్ రిపోర్టులు, ట్యూబుల ఎక్స్‌రే, కొందరికైతే లాపరోస్కోపీ ఫొటోలు కూడా ఉంటాయి. భర్త పేరు మీద ఒక్క కాగితమైనా లేని ఫైళ్లు ఇప్పటికీ వస్తూనే ఉన్నాయి. గర్భనిరోధక సాధనాలేవీ వాడకుండా ఏడాది పాటు క్రమం తప్పకుండా కలిసి ఉన్నా గర్భం రాకపోతే దాన్ని సంతానలేమి అంటాం. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2023లో వెలువరించిన నివేదిక ప్రకారం ప్రతి ఆరుగురిలో సుమారు ఒకరికి జీవితంలో ఎప్పుడో ఒకప్పుడు ఈ సమస్య ఎదురవుతోంది. ఇంతమందికి వచ్చే సమస్య చుట్టూ అల్లుకున్న నమ్మకాల వల్ల దంపతుల విలువైన ఏళ్లు కరిగిపోతున్నాయి. ఆ భారం దాదాపు ప్రతిసారీ స్త్రీ మీదే పడుతోంది. ఓపీలో రోజూ వినిపించే మాటల్లో ముఖ్యమైనవి ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: లోపం ఆడవారిలోనే ఉంటుంది, భర్తకు పరీక్ష అక్కర్లేదు.

వాస్తవం: సంతానలేమి ఉన్న జంటల్లో దాదాపు సగం మందిలో పురుషుడి వైపు కారణం ఉంటుంది. కొందరిలో అదొక్కటే కారణం, మరికొందరిలో భార్య వైపు కూడా ఏదో ఒకటి తోడవుతుంది. "మా వాడు పుష్టిగా ఉన్నాడు, వాడికేం లోటు డాక్టరమ్మా" అని అత్తగారు ఎంతో నమ్మకంగా చెబుతారు. కానీ కండబలాన్ని బట్టి గానీ, దాంపత్య సామర్థ్యాన్ని బట్టి గానీ శుక్రకణాల సంఖ్యను అంచనా వేయలేం. వీర్యంలో అధిక భాగం వీర్యకోశాలు, ప్రొస్టేట్ గ్రంథి స్రవించే ద్రవమే కాబట్టి, శుక్రకణం ఒక్కటి కూడా లేని వీర్యం సైతం కంటికి మామూలుగానే కనిపిస్తుంది. అసలు సంగతి మైక్రోస్కోపు కింద చూసినప్పుడే తెలుస్తుంది.

ఈ వీర్య పరీక్షకు నొప్పి లేదు, ఖర్చు కూడా స్వల్పమే. రెండు నుంచి ఏడు రోజులు వీర్యస్ఖలనం లేకుండా విరామం ఇచ్చి నమూనా ఇవ్వాలి. ఇంటి దగ్గర సేకరించి తెచ్చేవారు గంటలోపు ల్యాబుకు చేర్చాలి. డబ్బాను ఐసులో పెట్టి తేకూడదు, చొక్కా లోపల ఒంటి వేడి తగిలేలా పెట్టుకుని తేవాలి. వీర్యం మొదటి భాగంలోనే శుక్రకణాలు ఎక్కువగా ఉంటాయి కాబట్టి, కొంత బయట ఒలికిపోతే మొహమాటపడకుండా ఆ సంగతి ల్యాబులో చెప్పాలి. లేదంటే ఉన్న సంఖ్య కంటే తక్కువ చూపే రిపోర్టు చేతికి వస్తుంది.

రిపోర్టు చదవడంలోనూ పొరపాట్లు జరుగుతున్నాయి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021 ప్రమాణాల్లో కనీస హద్దులు మిల్లీలీటరుకు 1.6 కోట్ల శుక్రకణాలు, 42 శాతం కదలిక, 4 శాతం సాధారణ ఆకృతి. ఆకృతి 4 శాతమేనని చూసి, మిగిలిన 96 శాతం చెడిపోయాయని కుంగిపోయిన యువకులను చూశాను. అక్కడ 4 శాతం ఉంటే సరిపోతుంది. సంఖ్య తక్కువగా వచ్చినా ఒక్క రిపోర్టుతో నిర్ణయానికి రాము. శుక్రకణం తయారవడానికి సుమారు రెండున్నర నెలలు పడుతుంది కాబట్టి, అంతకుముందు వచ్చిన డెంగీ, టైఫాయిడ్ వంటి తీవ్ర జ్వరం ప్రభావం నేటి రిపోర్టులో కనిపించవచ్చు. అందుకే రెండు మూడు నెలల తర్వాత మళ్లీ పరీక్ష చేయిస్తాం. శుక్రకణాలు అసలే లేవని తేలినా దారులన్నీ మూసుకుపోయినట్లు కాదు. తయారీ సరిగానే ఉండి బయటికి వచ్చే మార్గం మాత్రమే మూసుకుపోయిన వారిలో వృషణాల నుంచి సూదితో శుక్రకణాలు తీసి చికిత్స చేయగలుగుతున్నాం.

అపోహ: బలానికి టెస్టోస్టెరాన్ ఇంజెక్షన్లు తీసుకుంటే పిల్లలు త్వరగా పుడతారు.

వాస్తవం: ఫలితం సరిగ్గా దీనికి విరుద్ధంగా ఉంటుంది. టెస్టోస్టెరాన్ అనే పురుష హార్మోను బయటి నుంచి అందగానే, వృషణాలను పనిచేయించే పిట్యూటరీ హార్మోన్లు పడిపోతాయి. దాంతో శుక్రకణాల తయారీ తగ్గుతుంది, కొందరిలో సున్నాకు చేరుతుంది. కండలు పెరగడానికి జిమ్‌లో ఎవరో చెప్పిన స్టెరాయిడ్ ఇంజెక్షన్లు తీసుకున్నవారిలోనూ ఇదే జరుగుతుంది. మానేశాక చాలామందిలో తయారీ తిరిగి మొదలవుతుంది గానీ, అందుకు నెలలు, ఒక్కోసారి ఏడాదికి పైగా పట్టవచ్చు. సంతానం కోరుకునే పురుషుడు ఈ ఇంజెక్షన్లు వాడుతుంటే, మొదటి రోజే వైద్యుడికి దాచకుండా చెప్పాలి.

అపోహ: పెళ్లయి ఐదేళ్లయినా పిల్లలు లేరంటే ఆమెలో ఏదో పెద్ద లోపం ఉన్నట్లే.

వాస్తవం: లెక్కపెట్టవలసింది దంపతులు కలిసి గడిపిన నెలలను. జగిత్యాల, సిరిసిల్ల, నిజామాబాద్ ప్రాంతాల నుంచి గల్ఫ్ దేశాలకు వెళ్లిన భర్త రెండేళ్లకోసారి రెండు నెలల సెలవు మీద వస్తే, ఐదేళ్ల కాపురంలో వారు నిజంగా కలిసి ఉన్నది కొన్ని నెలలే. ఏ లోపమూ లేని యువ జంటకైనా ఒక నెలలో గర్భం వచ్చే అవకాశం నాలుగో వంతును మించదు. ఏడాది పాటు కలిసి ఉంటే నూటికి ఎనభైకి పైగా జంటలకు గర్భం వస్తుంది. ఈ లెక్క తెలియక ఊళ్లో ఆమెకు వేసే ముద్ర, శుభకార్యాల్లో ఆమెను పక్కన పెట్టే తీరు క్రూరమైనవి.

ఇలాంటి జంటలకు నేను చెప్పేది ఒకటే. భర్త సెలవు ఖరారు కాగానే భార్య తన పరీక్షలు పూర్తి చేసుకోవాలి. రోజుకు 400 మైక్రోగ్రాముల ఫోలిక్ యాసిడ్ అప్పటి నుంచే మొదలుపెట్టాలి. భర్త వచ్చిన మొదటి వారంలోనే వీర్య పరీక్ష చేయించుకోవాలి. అవసరమైతే ఆయన తిరిగి వెళ్లేలోపు వీర్యాన్ని అతిశీతల స్థితిలో భద్రపరిచే సదుపాయం ఉంది.

అపోహ: నెలసరి మొదలైన పద్నాలుగో రోజే అందరికీ అండం విడుదలవుతుంది.

వాస్తవం: ఆ లెక్క 28 రోజులకోసారి నెలసరి వచ్చేవారికే సుమారుగా సరిపోతుంది. తర్వాతి నెలసరికి దాదాపు 14 రోజుల ముందు అండం విడుదలవుతుంది కాబట్టి, 35 రోజుల చక్రం ఉన్న స్త్రీకి అది 21వ రోజు దగ్గర పడుతుంది. అండం 12 నుంచి 24 గంటలే జీవిస్తుంది. శుక్రకణాలు స్త్రీ శరీరంలో ఐదు రోజుల దాకా జీవించగలవు. అంటే అండం విడుదలయ్యే రోజు, దానికి ముందున్న ఐదు రోజులు అనుకూలమైనవి. ఆ రోజు దాటాక ప్రయత్నించడం కంటే ముందుగా మొదలుపెట్టడమే మేలు. ఆ వారంలో రోజు విడిచి రోజు కలిస్తే చాలు. క్యాలెండర్ ముందు పెట్టుకుని గంటలు లెక్కించనక్కర్లేదు.

కలయిక తర్వాత వీర్యం బయటికి వచ్చేస్తోందని, అందుకే గర్భం నిలవడం లేదని భయపడేవారు చాలామంది ఉన్నారు. శుక్రకణాలు నిమిషాల్లోనే గర్భాశయ ముఖద్వారంలోకి చేరుకుంటాయి. తర్వాత బయటికి జారేది చాలావరకు మిగిలిన ద్రవమే. కాళ్లు పైకెత్తి పడుకోవలసిన అవసరం లేదు.

అపోహ: గర్భసంచి తిరగబడి ఉంటే గర్భం రాదు, కడిగిస్తే వస్తుంది.

వాస్తవం: గర్భసంచి వెనక్కి వంగి ఉండడం సుమారు ఐదుగురు స్త్రీలలో ఒకరికి పుట్టుకతోనే ఉండే తీరు. కొందరికి కుడిచేతి వాటం, కొందరికి ఎడమచేతి వాటం ఉన్నట్లే ఇదీ. దానికి చికిత్స అక్కర్లేదు.

"కడిగించడం" విషయం మాత్రం కాస్త గట్టిగానే చెప్పాలి. ఊళ్లలో ఇలా పిలిచేది డీ అండ్ సీ అనే ప్రక్రియను. గర్భసంచి లోపలి పొరను పరికరంతో గీకి తీయడమే ఇందులో జరిగేది. అసంపూర్ణ గర్భస్రావం, అధిక రక్తస్రావం వంటి సందర్భాల్లో దీనికి స్థానం ఉంది. పిల్లలు పుట్టడానికి మాత్రం ఇది మార్గం కాదు. పదే పదే గీకితే ఏ పొర మీద పిండం నాటుకోవాలో ఆ పొరే దెబ్బతిని, లోపలి గోడలు ఒకదానికొకటి అతుక్కుపోయే ప్రమాదం ఉంది. అలా జరిగితే నెలసరి రక్తం బాగా తగ్గిపోతుంది, ఒక్కోసారి పూర్తిగా ఆగిపోతుంది. పిల్లల కోసం చేయించుకున్న పని పిల్లలకే అడ్డం పడడం కంటే బాధాకరమైనది ఏముంటుంది? ఈ ప్రక్రియ చేయించుకోమని ఎవరైనా చెబితే, ఎందుకు చేస్తున్నారో స్పష్టంగా అడిగే హక్కు మీకుంది.

నిజంగా చూడవలసినవి అండాన్ని గర్భసంచికి చేర్చే ట్యూబులు. మన దేశంలో అవి మూసుకుపోవడానికి ఒక ముఖ్య కారణం జననావయవాలకు సోకే క్షయ. దగ్గు, జ్వరం ఏమీ లేకుండానే, ఊపిరితిత్తుల ఎక్స్‌రే మామూలుగా ఉన్నప్పుడు కూడా ఇది ట్యూబులను పాడుచేయగలదు. మందులతో క్షయ నయమవుతుంది, కానీ బాగా దెబ్బతిన్న ట్యూబులు చాలాసార్లు కోలుకోవు. అందుకే ఆలస్యం చేయకూడదు.

అపోహ: ఏఎంహెచ్ అనే హార్మోను తక్కువంటే ఇక గర్భం రాదు. పీసీఓఎస్ అనే అండాశయ సమస్య ఉన్నా అంతే.

వాస్తవం: అండాశయాల్లో ఇంకా ఎన్ని అండాలు మిగిలి ఉన్నాయో ఏఎంహెచ్ సుమారుగా చెబుతుంది, వాటి నాణ్యతను చెప్పదు. ఐవీఎఫ్ (అండాన్ని, శుక్రకణాన్ని శరీరం బయట కలిపి, పిండాన్ని గర్భసంచిలో ఉంచే చికిత్స) మందులకు ఎన్ని అండాలు పెరుగుతాయో అంచనా వేయడానికి అది ఉపయోగపడుతుంది. నెలనెలా అండం విడుదలవుతున్న పాతికేళ్ల అమ్మాయిని ఆ ఒక్క అంకె చూసి భయపెట్టడం సరికాదు. పీసీఓఎస్‌లో అండాలు ఉంటాయి, సమయానికి విడుదల కావు. బరువు ఎక్కువ ఉన్నవారు అందులో 5 నుంచి 10 శాతం తగ్గితే చాలామందికి నెలసరి దారిలో పడుతుంది. అది చాలకపోతే అండం విడుదల కోసం మొదట వాడే మాత్ర లెట్రోజోల్.

అపోహ: మేనరికం వల్లే పిల్లలు పుట్టడం లేదు.

వాస్తవం: మేనమామను గానీ, మేనత్త కొడుకును గానీ చేసుకోవడం వల్ల సాధారణంగా గర్భం ఆగదు. అసలు ప్రమాదం పుట్టబోయే బిడ్డకు. ఇద్దరిలోనూ దాగి ఉన్న ఒకే జన్యులోపం కలిస్తే తలసీమియా వంటి వ్యాధులతో బిడ్డ పుట్టే అవకాశం పెరుగుతుంది. మేనరికం చేసుకున్నవారు, అందులోనూ గర్భస్రావాలు జరిగినవారు, గర్భానికి ముందే జన్యు సలహా తీసుకోవాలి. ఆ మాట చెప్పగానే పెళ్లి కుదిర్చిన పెద్దల మీద కోపం తెచ్చుకోవడం నేను చూస్తుంటాను. జరిగిన పెళ్లి గురించి వాదించుకునే బదులు రక్త పరీక్ష చేయించుకోవడం బిడ్డకు మేలు చేస్తుంది.

అపోహ: ఎప్పుడైనా ఐవీఎఫ్ ఉంది కదా, తొందరేముంది?

వాస్తవం: ప్రపంచంలో తొలి ఐవీఎఫ్ శిశువు 1978 జులైలో ఇంగ్లండ్‌లో పుట్టింది. అదే ఏడాది అక్టోబరులో కలకత్తాలో డాక్టర్ సుభాష్ ముఖోపాధ్యాయ్ కృషితో మన దేశపు తొలి శిశువు జన్మించింది. ఆ తర్వాత ఈ విద్య ఎంతో ముందుకు వెళ్లింది గానీ, అండం వయసును వెనక్కి తిప్పే పద్ధతి నేటికీ రాలేదు. ముప్పై అయిదు దాటాక అండాల సంఖ్య, నాణ్యత వేగంగా తగ్గుతాయి, నలభై దాటాక సొంత అండాలతో ఐవీఎఫ్ ఫలితం బాగా పడిపోతుంది. అందుకే ముప్పై అయిదు దాటిన స్త్రీ ఏడాది దాకా ఆగకుండా, ఆరు నెలలు ప్రయత్నించినా గర్భం రాకపోతే వెంటనే వైద్యుల దగ్గరకు రావాలి. నెలసరి సరిగా రానివారు, గతంలో కటి భాగంలో ఆపరేషన్ గానీ ఇన్ఫెక్షన్ గానీ అయినవారు ఆ ఆరు నెలలు కూడా ఆగనక్కర్లేదు.

వంద శాతం గ్యారంటీ అని చెప్పే కేంద్రాన్ని నమ్మకండి, ఎంత మంచి కేంద్రంలోనైనా కొన్ని ప్రయత్నాలు విఫలమవుతాయి. 2021లో వచ్చిన సహాయక పునరుత్పత్తి సాంకేతికత చట్టం ప్రకారం ప్రతి కేంద్రానికీ రిజిస్ట్రేషన్ ఉండాలి. ఈ చికిత్సకు స్త్రీ వయసు 21 నుంచి 50, పురుషుడి వయసు 21 నుంచి 55 ఏళ్ల మధ్య ఉండాలి. దాత అండం గానీ, దాత వీర్యం గానీ వాడవలసి వస్తే, ఆ విషయం ముందుగా చెప్పి రాతపూర్వక అంగీకారం తీసుకోవాలి. అలా పుట్టిన బిడ్డను చట్టం ఆ దంపతుల సొంత బిడ్డగానే గుర్తిస్తుంది. సంతకం పెట్టే ప్రతి కాగితాన్నీ ఇద్దరూ చదవండి, ఇంగ్లిషులో ఉంటే తెలుగులో వివరించమని అడగండి, ఒక నకలు ఇంటికి తీసుకెళ్లండి.